ముక్కాలి పీటకు నాలుగో కాలు

నాంపల్లి, హైదరాబాద్
11 జూన్ 2025

గౌరవనీయులైన రామచంద్రమూర్తి సార్‌కు,
స్నేహలత నమస్కారాలు.

ఈ ఉత్తరం ఇప్పుడే ఎందుకు రాయాల్సి వచ్చిందో ముందే చెప్పేస్తాను. మీ ఆల్బం ‘ముక్కాలి పీట’ను ఆగస్టు పద్దెనిమిదిన కంపెనీకి పంపాలి. ‘విన్నాను, బాగుంది’ అని మీరు సంతకం చేసిన కాగితం లేకుండా పంపనని మా స్టూడియో ఓనరు సురేందరన్న అంటున్నాడు. మీకు తొమ్మిదిసార్లు ఫోన్ చేశాను. తొమ్మిదిసార్లూ మీ చెల్లెలు సుబ్బరత్నం గారే ఎత్తారు. “అన్నయ్య ఫోన్‌లో మాట్లాడడట తల్లీ, ఉత్తరం రాయమంటున్నాడు” అన్నారు. వెనక నుంచి మీ గొంతు వినబడుతూనే ఉంది సార్.

అందుకని రాస్తున్నాను. నేను బడి పరీక్షల్లో తప్ప ఎవరికీ ఉత్తరం రాయలేదు. అక్కడ పదికి ఎనిమిది మార్కులు వచ్చేవి.

మోకాలి ఆపరేషన్ తర్వాత రాజమండ్రిలో మీ చెల్లెలి గారింట్లో ఎలా ఉన్నారు? ఇది మొదట అడగాలి. ఆ రెండు మార్కులు అక్కడే పోయేవి.

నేను గుర్తున్నానా? అబిడ్స్ పెద్ద పోస్టాఫీసు వెనక సందులో, రెండో అంతస్తు స్టూడియోలో కేబుళ్ళు చుట్టే అమ్మాయిని. మార్చిలో ఒక ఆదివారం మీరు డ్రమ్స్, వైశాలి గారు పియానో, శశికిరణ్ సార్ డబుల్ బేస్, ముగ్గురూ కలిసి ఆరు పాటలు వాయించి వెళ్ళారు. ఇప్పుడు కేబుళ్ళతో పాటు ఫైళ్ళు వినే పని కూడా సురేందరన్న నాకే ఇచ్చాడు. అక్కడే ఇబ్బంది వచ్చింది.

ఈ మూడు నెలలూ మనమంతా విన్నది ఫోన్‌లలో పంపుకున్న చిన్న ఎంపీత్రీలే. మొన్న సోమవారం మొదటిసారి లాస్‌లెస్ ఫైలు తీసి, సురేందరన్న ఎవరినీ ముట్టనివ్వని పెద్ద హెడ్‌ఫోన్‌లో విన్నాను. ఈ రెండింటికీ తేడా మా నాయినకు ఇట్లా చెప్పాను: ఎంపీత్రీ అంటే మిల్లులో తెల్లగా పాలిష్ పట్టిన బియ్యం, తవుడంతా పోతుంది. లాస్‌లెస్ అంటే దంపుడు బియ్యం, ఏదీ పారేయరు. “మరి దాంట్ల రాళ్ళు గూడ ఉంటయి గద బిడ్డా” అన్నాడు నాయిన.

ఉన్నాయి సార్.

నాలుగో పాట ‘ఆదివారం అబిడ్స్’లో రెండు నిమిషాల పదకొండో సెకను నుంచి ఒక శబ్దం వస్తోంది. ‘జిల్’ అని. చాలా సన్నగా, మీ దెబ్బకూ దెబ్బకూ మధ్య. నలభై మూడుసార్లు వచ్చింది, రెండు రోజులు లెక్కపెట్టాను. ఎంపీత్రీలో అది అణిగిపోయింది, అందుకే ఎవరికీ తెలియలేదు.

ఆ రోజు మీ జేబులో తాళంచెవులు ఉన్నాయా? అడిగినందుకు ఏమీ అనుకోవద్దు. ఈ పార్సిల్‌లో పెన్‌డ్రైవ్, పెద్ద హెడ్‌ఫోన్ పెట్టాను. హెడ్‌ఫోన్ పంపుతున్నట్టు సురేందరన్నకు తెలుసు, కానీ ఆయన మొహం చూస్తే కూతురిని అత్తారింటికి పంపుతున్నట్టుంది. జాగ్రత్తగా చూసుకోండి.

ఇట్లు,
విధేయురాలు
బి. స్నేహలత


రాజమండ్రి
19 జూన్

చిరంజీవి స్నేహలతకు,
ఆశీస్సులు.

ఉత్తరమూ పెన్‌డ్రైవూ పెళ్ళికూతురూ క్షేమంగా చేరాయి. మోకాలు నడుస్తోంది, నేనే కాస్త వెనకబడ్డాను. ఉత్తరానికి తొమ్మిది మార్కులు వేశాను. ఒకటి తగ్గించింది, లేని శబ్దం విన్నందుకు.

అమ్మాయ్, డ్రమ్స్ ముందు కూర్చోబట్టి నాకు నలభై ఎనిమిదేళ్ళు. పగలంతా లక్డీకాపూల్ ఆఫీసులో ఫైళ్ళకు తాళ్ళు కట్టి, సాయంత్రమైతే అబిడ్స్‌లో హోటల్ బ్యాండులో జాజ్ వాయించినవాణ్ణి. జాజ్ అంటే కాగితం మీద రాసింది వాయించడం కాదు. పక్కవాడు ఏమన్నాడో విని, దానికి జవాబు చెప్పడం. వినడమే నా వృత్తి. వాయించడం దాని తర్వాత.

ఫోన్ ఎందుకు ఎత్తనంటావా? ఫోన్ మనిషి గొంతును చెరుకుగడలా పిండి, పిప్పి మన చేతిలో పెడుతుంది. ఉత్తరం అలా కాదు. నువ్వు రాసింది రాసినట్టే వస్తుంది, కొట్టివేతలతో సహా. ‘విధేయురాలు’ దగ్గర ఏదో రాసి కొట్టేశావు. వెలుతురుకు పెట్టి చూస్తే ‘మీ అభిమాని’ అని ఉంది. ఉత్తరమే అసలైన లాస్‌లెస్.

నీ ఫైలు రెండుసార్లు విన్నాను. రెండోసారి గురకపెట్టానని సుబ్బరత్నం వీధంతా చెబుతోంది. నమ్మకు. కళ్ళు మూసుకుని వినేవాళ్ళు దానికి అలవాటు లేదు. జిల్లూ లేదు, గల్లూ లేదు. నా జేబులో తాళంచెవులు ఉండవు. నాంపల్లి ఇంటి తాళం పక్కింటివాళ్ళ దగ్గరే ఉంటుంది, నేను పారేసుకుంటానని. అంత అనుమానంగా ఉంటే శశికిరణ్ మెడలో గొలుసు సంగతి కనుక్కో. పెళ్ళయినప్పటి నుంచి వాడు కోడెదూడలా గలగలమంటూ తిరుగుతున్నాడు.

ఒకటి మాత్రం నిజం. నా ఇత్తడి పళ్ళెం, ఆ సింబల్, మరీ మెత్తగా ఉంది. పైన దుప్పటి కప్పి కొట్టినట్టుంది. ఎంత పెంచాలంటే, ఇది చాలా ఎక్కువ అని మీ సురేందర్‌కు అనిపించేదాకా పెంచి, ఇంకొంచెం పెంచండి.

శుభం.
రామచంద్రమూర్తి


అబిడ్స్
28 జూన్

గౌరవనీయులైన మూర్తి సార్‌కు,
నమస్కారాలు. మోకాలు ఎలా ఉంది? (ఈసారి మొదటే అడిగాను.)

మీరు చెప్పినట్టే సింబల్ పెంచాం. వినిపించగానే సురేందరన్న రెండు చేతులతో దవడ పట్టుకున్నాడు. కింద గడియారాల షాపు గోపాలరావు గారు మెట్లెక్కి వచ్చి, “ఏంది సురేందర్, స్టీలు సామాన్ల దుకాణం పెట్టినవా? నా గిరాకీ పారిపోతున్నది” అన్నారు. అది మీరు చెప్పినంత కూడా కాదు సార్. అందులో సగం.

ఇక విచారణ సంగతి. మీరు చెప్పారని శశికిరణ్ సార్‌కు ఫోన్ చేసి గొలుసు గురించి అడిగాను. “నా గొలుసా? అది మా అమ్మ బీరువాలో ఉంది. నన్ను అడిగే ముందు ఆ పియానో ఆవిడ పట్టీల సంగతి అడుగు” అన్నారు. వైశాలి గారిని అడిగాను. “పట్టీలా? నేనా? నాకు చేతి గడియారం కూడా ఉండదు. ఈ మాట నీకు నువ్వే అడిగావా, శశి అడగమన్నాడా?” అన్నారు. నాకు అబద్ధం చెప్పడం చేతకాదు. ఇప్పుడు వాళ్ళిద్దరూ మాట్లాడుకోవడం లేదు. ముగ్గురి ఆల్బంలో ఇద్దరి మధ్య మాటల్లేవు, మూడోవారు ఫోన్ ఎత్తరు.

నిజానికి ఇట్లాంటివి జరగకూడదనే నేను చేరిన మొదటి నెలలోనే తలుపు మీద ఒక నోటీసు అంటించాను. “లోపలికి వచ్చువారు గాజులు, గడియారములు, గొలుసులు, తాళంచెవులు, చిల్లర బయటనే ఉంచవలెను.” నా చేతిరాత బాగుంటుందని సురేందరన్న దానికి ప్లాస్టిక్ కవరు కూడా వేయించాడు. ‘ఉంచవలెను’ అని రాసినా మనవాళ్ళు ఉంచరు సార్. అదే నా బాధ.

అసలు సంగతి ఇది. సురేందరన్న నిన్న అన్నాడు: “జులై ఆఖరుకల్లా గా సప్పుడు ఏందో చెప్పు. లేకుంటే గా పాట తీసి అయిదే పంపుత. కవరు మీద నీ పేరు గూడ తీసేస్త. దొంగను పట్టనోనికి పోలీసని పేరెందుకు?”

ఆల్బం కవరు వెనక ఆఖరి వరసలో ‘రికార్డింగ్ సహాయం: బి. స్నేహలత’ అని వేస్తానని ఆయన మార్చిలోనే మాటిచ్చాడు. మా ఇంట్లో అందరి పేర్లూ అచ్చులో పడింది రేషన్ కార్డు మీద ఒక్కసారే. అందులో కూడా అమ్మ పేరు వీరమ్మకు బదులు ఇంకేదో పడింది. మా నాయిన చదువుకోలేదు, అయినా ఆ కవరును దండేనికి తగిలించి ఊరందరికీ చూపిస్తానని ఇప్పటికే చెప్పేశాడు. నా పేరు పోతే పోయింది. ఆయనకు ఏమని చెప్పాలో తెలియడం లేదు.

ఒక చిన్న మాట. కోపం చేసుకోవద్దు. హెడ్‌ఫోన్ కుడి, ఎడమ సరిగ్గానే పెట్టుకున్నారా? ఎందుకైనా మంచిది, ఆ పాట ఒకసారి సుబ్బరత్నం గారికి కూడా వినిపించండి.

విధేయురాలు
స్నేహలత


రాజమండ్రి
6 జూలై

కుమారి బి. స్నేహలత గారికి,

తమరి లేఖ అందినది. నా చెవులపై పర్యవేక్షణకు మా చెల్లెలిని నియమించినందుకు కృతజ్ఞుణ్ణి. హెడ్‌ఫోన్ మీద కుడికి ఎర్ర చుక్క, ఎడమకు నీలం చుక్క ఉన్నవి. రంగులు గుర్తించగలను.

ఇక ఈ గ్రాంథికం నా వల్ల కాదు. కోపం మాత్రం ఉంది, అది గుర్తుపెట్టుకో.

ఆ పాట తీసేస్తే ఆల్బం లేదు. మీ సురేందర్‌కు ఈ వాక్యం చదివి వినిపించు. మా నాన్న యాభై ఆరులో ఆఫీసుతో పాటు హైదరాబాద్ వచ్చినప్పుడు నాకు రెండేళ్ళు. పదిహేనో ఏట ఒక ఆదివారం, అబిడ్స్ ఫుట్‌పాత్ మీద పాత పుస్తకాల గుట్టలో, లెక్కల గైడు కోసం వెతుకుతుంటే అట్టపోయిన ఒక పుస్తకం దొరికింది. డ్రమ్స్ నేర్చుకునే పుస్తకం. లెక్కల గైడు కొనలేదు. లెక్కలూ తప్పాను. ఆ పుస్తకం ముందు పెట్టుకుని మూడేళ్ళు మా అమ్మ మినప్పప్పు డబ్బాల మీద వాయించాను. ‘ఆదివారం అబిడ్స్’ ఆ రోజు గురించిన పాట. ఇది నా మొదటి ఆల్బం, డెబ్బై ఒకటో ఏట. రెండోది ఉంటుందని నా మేలు కోరే సుబ్బరత్నం కూడా అనడం లేదు.

నీకు గుర్తుండే ఉంటుంది, ఆ పాట మొదటి రెండుసార్లూ పాడయింది. నేనే పాడుచేశాను. పరుగెత్తాను, తర్వాత చతికిలబడ్డాను. వైశాలి మొహమాటానికి ‘పర్లేదు సార్’ అంది. మూడోసారి పాట దానంతటదే నడిచింది. అది ఎందుకు నడిచిందో నాకు తెలుసు. అది ఉత్తరంలో రాసే సంగతి కాదు.

కాబట్టి శబ్దాలు ఏరడం మాని, సింబల్ పెంచండి.

రామచంద్రమూర్తి

అమ్మాయ్, నేను సుబ్బరత్నాన్ని. కవరు అంటించే ముందు రాస్తున్నాను. నేను విన్నాను, జిల్లుమని వినబడింది. చెబితే “నీ చెవి జూకాలు” అన్నాడు. మొన్న గుడికి వెళ్తూ కుక్కర్ మూడు విజిల్స్‌కు దించమని అప్పజెప్పాను. వచ్చేసరికి పప్పు బొగ్గయింది. ఆయన ఎదురుగా కుర్చీ వేసుకుని ఇంకా మొదటి విజిల్ కోసం చూస్తున్నాడు. ఫోన్‌లో కూడా ఆడవాళ్ళ మాట అందదు ఆయనకు. నేను రాశానని అనకు.


నాంపల్లి
15 జూలై

గౌరవనీయులైన మూర్తి సార్‌కు,

మీ మోకాలి గురించి ఆఖరున అడుగుతాను. ముందు ఇది చెప్పకపోతే ఉత్తరం చింపేస్తానేమోనని భయంగా ఉంది.

దొంగ దొరికింది. నేనే.

మా నాయిన బీరయ్య మల్లన్న కథలు పాడి చెప్పే ఒగ్గు కథలో డోలు కొడతాడని మీకెప్పుడూ చెప్పలేదు. స్టూడియోలో పెద్ద పెద్ద వాద్యాల మధ్య ఆ మాట ఎక్కడ చెప్పాలో తెలియలేదు. మొన్న ఆదివారం సికింద్రాబాద్ లష్కర్ బోనాలకు తన బృందంతో వచ్చాడు. మా లేడీస్ హాస్టల్లోకి మగవాళ్ళను రానివ్వరు కాబట్టి సోమవారం స్టూడియోకు తీసుకెళ్ళాను. నా బాధ విని, “ఏదీ, నన్ను ఇననీ” అన్నాడు. తలపాగా తీయనన్నాడు. దాని మీదనే హెడ్‌ఫోన్ పెట్టుకున్నాడు, అది జారిపోకుండా సురేందరన్న వెనక నిలబడి పట్టుకున్నాడు. (మీ దగ్గరున్న హెడ్‌ఫోన్ కాదు, రెండోది. మొదటిదాన్ని సురేందరన్న రోజూ తలుచుకుంటున్నాడు.)

“గీ రుద్దుడేంది బిడ్డా? కొడ్తలేడు, రుద్దుతున్నడు” అన్నాడు.

“అవి బ్రష్‌లు నాయినా. మెత్తటి పాటకు అట్లనే వాయిస్తరు.”

“నేను ముసలాయనకు చెయ్యి నొస్తుందేమో అనుకున్న. చెయ్యి మంచిదే. ఆగం లేదు, తొందర లేదు.”

మీ గురించి ఆయన మొత్తం అభిప్రాయం అదే సార్. మా నాయిన దృష్టిలో అంతకంటే పెద్ద మాట లేదు.

రెండు నిమిషాల పదకొండో సెకను వచ్చింది. నాయిన నవ్వడం మొదలుపెట్టాడు.

“గా తాళం నువ్వే ఏస్తున్నవ్ గదనే!”

“నేను తాళాలు ముట్టి పదేండ్లాయె నాయినా. గది నేను కాదు.”

“నీదే బిడ్డా. మూడో దెబ్బకు జరంత లేటొస్తది. చిన్నప్పుడు గందుకే గద నిన్ను తిట్టెటోన్ని.”

అది నిజం. ఆరో తరగతికి హాస్టల్‌కు వెళ్ళేదాకా కథలప్పుడు నాయిన డోలు వెనక నిలబడి నేను తాళాలు వేసేదాన్ని. ఒకరోజు ఆయనే వాటిని నా చేతిలోంచి తీసుకుని, “ఇవి ఎవలైన కొడ్తరు. నువ్వు పో, సదువుకో” అన్నాడు. అప్పటి నుంచి నాకు, తాళానికి సంబంధం తెగిపోయిందనుకున్నాను.

సురేందరన్న నా చేతుల వంక చూశాడు. నేనూ చూసుకున్నాను. రెండు చేతులకూ ఆకుపచ్చ గాజులు.

ఆ ఆదివారం కార్పెట్ ఉతకడానికి వెళ్ళింది గుర్తుందా? నున్నటి నేల మీద మీ పెద్ద సింబల్ స్టాండు జారుతుంటే, మూడోసారి వాయించేటప్పుడు నన్ను లోపల కూర్చుని దాన్ని పట్టుకోమన్నారు. ఎడమ చేత్తో స్టాండు పట్టుకున్నాను. కుడి చెయ్యి మోకాలి మీద పెట్టుకున్నాను. కదలకుండా కూర్చున్నాననే ఇన్నాళ్ళూ నమ్మాను. ఆ గాజులు మా అమ్మ కొమురెల్లి మల్లన్న జాతరలో తొడిగించింది, అవంతట అవి పగిలేదాకా తీయొద్దని. లోపలికి వచ్చే ముందు వాటిని మోచేతి దాకా తోసి జేబురుమాలు కట్టాను. పాట మధ్యలో కట్టు జారినట్టుంది. తలుపు మీద ఆ నోటీసు రాసిందాన్నే, దానికింది నుంచే నడిచి లోపలికి వచ్చాను సార్. శశికిరణ్ సార్‌కు, వైశాలి గారికి ఫోన్ చేసి క్షమాపణ చెప్పాను. ఇద్దరూ నా మీద కోపంతో మళ్ళీ ఒకరితో ఒకరు మాట్లాడుకుంటున్నారు.

ఇప్పుడు మీరే చెప్పాలి. కంప్యూటర్‌లో ఆ జిల్ తీసేయవచ్చు, కానీ దానితో పాటు మీ సింబల్ మెరుపు కూడా కొంత పోతుంది. రెండూ ఒకే ఎత్తు స్వరంలో ఉన్నాయి. లేదా పాట మళ్ళీ వాయించాలి. ఏదైనా సరే, కవరు మీద నా పేరు వద్దు. నాయినకు నేనే చెప్పాను. “పేరుదేముందిలే” అన్నాడు, కానీ వెళ్ళేటప్పుడు కవరు ఎంత పెద్దగుంటదో చేతులతో చూపించి మళ్ళీ అడిగాడు.

ఇంకో మాట. నాయిన హెడ్‌ఫోన్‌ను ఒక చెవి మీదనే సరిచేసుకుంటుంటే సురేందరన్న ఎందుకని అడిగాడు. “డోలు దిక్కు చెవి నాకు ఎన్నడో పోయింది” అన్నాడు. ఎవరికీ తెలియకుండా దాచారా అంటే, “దాసుడెందుకు? బర్రె పాలిస్తది, గడ్డి తింటది. డోలు పేరిచ్చింది, చెవి తిన్నది. లెక్క సరిపాయె” అన్నాడు. ఎందుకో ఇది మీకు రాయాలనిపించింది.

మీ మోకాలు ఎలా ఉంది?

స్నేహలత


రాజమండ్రి
24 జూలై

చిరంజీవి స్నేహలతకు,
ఆశీస్సులు.

నీ ఉత్తరం నాలుగుసార్లు చదివాను. దొంగలు ఇద్దరమ్మా. రెండోవాణ్ణి నేను.

మూడేళ్ళయింది. మొదట పిచ్చుకలు పోయాయి. నాంపల్లిలో పిచ్చుకలు తగ్గాయని అందరూ అంటారు కదా, అదే అనుకున్నాను. తర్వాత పాలవాడి సైకిల్ గంట. తర్వాత కుక్కర్ విజిల్ (దాని గురించి నీకు ఎవరు రాశారో నాకు తెలుసు). బేస్ వినబడుతుంది, పియానో ముప్పాతిక వినబడుతుంది, నా డ్రమ్ము వినబడుతుంది. సింబల్ మాత్రం రాదు. కర్ర తగిలినప్పుడు చేతికి తెలుస్తుంది, మిగతాది జ్ఞాపకంలోంచి నింపుకుంటాను. ఒక్క చుక్క కూడా పోకూడదు, లాస్‌లెస్‌లోనే ఉండాలి అని ఊరంతా ఉపన్యాసాలిచ్చింది నేనే. నా దగ్గరే పాలిష్ పట్టేశారు.

ఎవరికీ చెప్పలేదు. చెవిటి డ్రమ్మరు అంటే జనం జాలిపడి చప్పట్లు కొడతారు. ఆ చప్పట్లు కూడా సరిగ్గా వినబడవు, అదొక అవమానం.

ఇప్పుడు ఉత్తరంలో రాయనన్న సంగతి రాస్తాను. ఆ పాట మొదటి రెండుసార్లూ ఎందుకు పాడయిందో తెలుసా? సింబల్ ఆ పాటకు గడియారం. ఆ గడియారం నాకు వినబడలేదు. మూడోసారి, ఎదురుగా నేల మీద ఒక పిల్ల కూర్చుంది. దాని కుడి చెయ్యి మోకాలి మీద లేస్తోంది, పడుతోంది, సరిగ్గా నా దెబ్బకూ దెబ్బకూ మధ్య. ఆకుపచ్చ గాజులు. చప్పుడు చేస్తున్నాయని నాకు తెలియదు, నాకు మెరుస్తూ కనబడ్డాయంతే. ఆ చెయ్యి చూస్తూ పాట మొత్తం వాయించాను. మూడో దెబ్బకు నువ్వు కాస్త ఆలస్యంగా వచ్చిన మాట నిజమే. నేనూ నీతో పాటే ఆలస్యంగా వచ్చాను. మొన్న వైశాలి ఉత్తరం రాసింది, ఆ పాటలో నడక చాలా బాగుంది, ఎక్కడ నేర్చుకున్నారు సార్ అని. కొమురెల్లిలో అని జవాబు రాశాను. అర్థమై ఉండదు.

కాబట్టి ఆ నలభై మూడింట్లో ఒక్కటి కూడా తీయడానికి వీల్లేదు. దాన్ని తీస్తే గోడ ఉంచి పునాది తవ్వినట్టు.

సింబల్ ఎంత ఉండాలో నువ్వే నిర్ణయించు. నేను చెప్పినదంతా మర్చిపో. గోపాలరావు గిరాకీకి నా క్షమాపణలు.

నీ పేరు కవరు మీద ఉండాలి. ‘సహాయం’ కింద కాదు. ఎక్కడ ఎలా అన్నది మీ సురేందర్‌తో కలిసి ఆలోచించి నాకు రాయి. ఆగస్టు ముప్పై ఒకటిన నాంపల్లి హాల్లో ఆల్బం విడుదల కచేరీ ఉంది కదా. ఆ పాటకు నువ్వు నా ఎదురుగా, అదే చోట కూర్చోవాలి. లేకపోతే నేను రాను. ఇది బెదిరింపు కాదు, నా అవసరం.

మీ నాయినకు నమస్కారం చెప్పు. చెయ్యి నొప్పి లేదని కూడా చెప్పు.

సుబ్బరత్నం నా ఉత్తరాల కింద రహస్యాలు రాస్తుందని నాకు తెలియదనుకుంటోంది. కవరు అంటించే పని దానికే ఎందుకిచ్చాననుకున్నావు? కొన్ని మాటలు మన నోటితో రావు.

శుభం.
రామచంద్రమూర్తి


అబిడ్స్
2 ఆగస్టు

గౌరవనీయులైన మూర్తి సార్‌కు,
నమస్కారాలు. మోకాలు బాగుందని సుబ్బరత్నం గారు ఫోన్‌లో చెప్పారు.

మీ ఉత్తరం సురేందరన్నకు చదివి వినిపించాను. చెవుల సంగతి మాత్రం వదిలేసి చదివాను, అది మీరు చెప్పుకోవాల్సింది. ఆయన లేచి వెళ్ళి నా నోటీసు మీద ప్లాస్టిక్ కవరు తీసి, పెన్ను నా చేతికిచ్చాడు. ఇప్పుడు ‘గాజులు’ పక్కన ‘(మూర్తి సార్ చెప్పినవి తప్ప)’ అని ఉంది.

సింబల్ మార్చిలో ఉన్న చోటికే తెచ్చాను. ఎట్లా ఉందో మీకు రాసి చెప్పమంటే, పొద్దున తాళం తీసి షట్టరు ఎత్తగానే గోపాలరావు గారి షాపులో గడియారాల మీద ఎండ పడుతుంది చూడండి, అట్లా ఉంది. ఎక్కువ లేదు, తక్కువ లేదు. నా మాట నమ్మి సంతకం పెట్టాలి.

కవరు దగ్గర గొడవ నడుస్తోంది. “ట్రియో అంటే ముగ్గురు. నాలుగో పేరు ఏస్తే కంపెనీవోళ్ళు లెక్క రాదా అని అడుగుతరు” అని సురేందరన్న అంటున్నాడు. గాజులకు పేరుంటే తన గొలుసుకు జరిగిన పరువునష్టానికి కూడా ఒక వరస ఉండాలని శశికిరణ్ సార్ అంటున్నారు. వైశాలి గారు మాత్రం, పీటకు మూడు కాళ్ళే ఉంటాయి కానీ అది నిలబడేది నేల మీద అన్నారు. నాకు తోచింది ఇది: నాలుగో పాట పేరు కింద చిన్న అక్షరాలతో ‘గాజులు: స్నేహలత, బీరయ్య బిడ్డ’. నాయిన పేరు కూడా ఉండాలన్నది నా కోరిక. ఆ ఆలస్యం ఆయన దగ్గర నేర్చుకున్నదే.

కచేరీలో కూర్చుంటాను. కానీ ఒక కష్టం ఉంది. మార్చిలో కుడి చేతికి ఆరు గాజులుండేవి. మొన్న బస్సు దిగుతుంటే కడ్డీకి తగిలి రెండు పగిలాయి. అమ్మ “మంచిదే, దిష్టి పోయింది” అంది. కొమురెల్లి జాతర మళ్ళీ జనవరిలోనే. మిగిలిన నాలుగింటిని కాపాడుకుంటున్నాను. కేబుళ్ళు ఎడమ చేత్తోనే చుడుతున్నాను, బస్సులో ఎడమ చేత్తోనే పట్టుకుంటున్నాను. మీకు నాలుగు గాజులు కనబడితే చాలా?

చివరిది. లక్డీకాపూల్‌లో చెవులు చూసే దవాఖాన ఒకటి ఉంది. సెప్టెంబరు ఒకటో తేదీకి రెండు చీటీలు రాయించాను, ఒకటి నాయినకు, ఒకటి మీకు. నాయినను అడిగితే “నాకెందుకు, లెక్క సరిపాయె గద” అన్నాడు. “సార్ ఒక్కడే పోతే భయపడ్తడు, నువ్వు తోడు రా” అంటే ఒప్పుకున్నాడు. మీరు కూడా అట్లాగే ఒప్పుకోండి. నాయిన ఒక్కడే పోతే భయపడతాడు.

సంతకం పెట్టాల్సిన కాగితం, తిరుగు కవరు ఇందులో ఉన్నాయి. కాగితం మీద సంతకం, కవరు మీద నా పేరు గురించి మీ మాట, నాలుగు గాజులకు అవునా కాదా, ఇవన్నీ నాకు ఆగస్టు పద్నాలుగో తేదీలోపు అందాలి. పదిహేనున పోస్టాఫీసుకు సెలవు. ఈసారైనా ఇద్దరిలో ఒకరం సమయానికి రావాలి సార్. జరంత లేటు రావడానికి నేనున్నాను కదా.

మీ అభిమాని (ఈసారి కొట్టేయలేదు)
స్నేహలత